ఇద్దరు చంద్రుల సముద్రానికి పాట కట్టించుకున్నాను: ఒక సంగీత సేవపై సమీక్ష

మిత్రులతో ఆడే రోల్‌ప్లేయింగ్ గేమ్ కోసం నేను కల్పించుకున్న ప్రపంచంలో ఇద్దరు చంద్రులు ఉన్నారు. పెద్దవాడికి ఒక చుట్టు తిరగడానికి 28 రోజులు పడితే చిన్నవాడికి 20 రోజులు పడుతుంది. ఆ లెక్కన 70 రోజులకోసారి ఇద్దరూ ఒకే దిక్కున కలుస్తారు, నడుమ 35వ రోజున ఎదురెదురుగా నిలుస్తారు. మన భూమి మీద సూర్యచంద్రులు ఒకే వరుసలోకి వచ్చే అమావాస్యకూ పౌర్ణమికీ పోటు పెరిగినట్టే, అక్కడ ఈ రెండు సందర్భాల్లోనూ సముద్రం ఊరి మెట్ల దాకా ఎక్కి వస్తుంది. ఆ రాత్రి ఊరివాళ్లు తమ పడవలను నీటికి అందని ఎత్తుకు లాగుతూ పాడే క్రతుగీతం ఒకటి కావలసి వచ్చి, ఆర్డరు మీద పాట కట్టి, రికార్డు చేసి ఇచ్చే ఒక ఆన్‌లైన్ సేవను ఆశ్రయించాను.

అసలు ఇబ్బంది వారి దరఖాస్తు ఫారంలోనే ఉంది. అందులో పాట గంభీరంగా ఉండాలా, విషాదంగా ఉండాలా, ఎన్ని నిమిషాలు సాగాలి, ఏ వాయిద్యాలు కావాలి అని అడుగుతారు గానీ, దాన్ని ఎవరు పాడతారో, పాడేటప్పుడు వారి చేతులు ఏం చేస్తుంటాయో అడగరు. ఆ వివరాలను నేను చివరి గడిలో ఇరికించి రాశాను, వాటిని ఎవరూ చదివినట్టు లేదు.

పదకొండో రోజున వచ్చిన మొదటి పాట చెవికి ఇంపుగానే ఉంది. వయొలిన్లు, బృందగానం, రెండు స్థాయిల మీద సునాయాసంగా తిరిగే ఒక గాయని గొంతు, వీటన్నిటి వెనకాల మొదటి నుంచి చివరిదాకా కెరటాల హోరు ఉన్నాయి. కాకపోతే పల్లవి ‘ఓ నిండు చందమామా’ అని ఏకవచనంలో మొదలైంది. పైగా నడక ఏడక్షరాలది. అది అల తూగును తలపిస్తుందని వారు సమర్థించుకున్నారు గానీ, తడిసిన మోకు పట్టుకుని ఏడక్షరాల లెక్కకు లాగబోయినవారికి ఆ తూగు సంగతి తెలుస్తుంది. తెరచాప ఓడల మీద నావికులు తాడు లాగుతూ పాడుకున్న పాటలకు ఒక కట్టుబాటు ఉండేది: ఒకడు చరణం ఎత్తుకున్నంతసేపూ తక్కినవారు ఊపిరి పీల్చుకుని పట్టు సవరించుకుంటారు, వంతలో నిర్ణయించుకున్న ఒకటి రెండు మాటల మీద అందరూ ఒక్కసారిగా బలం వేస్తారు. అటువంటి పాటలో అందం కంటే ముందు ఊపిరికి చోటు ఉండాలి. శిక్షణ పొందిన గాయని మాత్రమే పాడగలిగే వరసను చేపలు పట్టే ఊరు తరతరాలుగా నోటికి నిలుపుకుందంటే నేను నమ్మలేను, ఆటలో కూర్చున్నవారూ నమ్మరు.

ఇదంతా వివరంగా రాసి పంపాక వచ్చిన రెండో పాటను చూసి, ఈ సేవలో పని తెలిసినవారు ఉన్నారని ఒప్పుకోక తప్పలేదు. వయొలిన్లు పోయాయి. ఒక ముసలి గొంతు అడుగుతుంది, ఊరు జవాబిస్తుంది:

ఎవరిదమ్మా ఈ ఉప్పు? — నీదే తల్లీ, నీదే.
ఎవరిదమ్మా ఈ పడవ? — నీదే తల్లీ, నీదే.
ఎవరిదమ్మా ఈ ఊపిరి? — అరువే తల్లీ, అరువే.

నీదే, అరువే అన్న మాటల మీద బలం పడుతుంది, ‘తల్లీ’ దగ్గర చేతులు సడలుతాయి. మొత్తం వరసలో ఐదు స్వరాలకు మించి లేవు. ప్రశ్నా జవాబూ కలిపి పది సెకన్లలో ముగుస్తాయి. దూరం నుంచి వచ్చే పెద్ద కెరటాల మధ్య వ్యవధి కూడా ఇంచుమించు అంతే ఉంటుంది కాబట్టి, వెనకాల హోరు పెట్టకపోయినా పాటలో సముద్రం వినిపించింది. శంఖాన్ని కూడా పొదుపుగా వాడారు. వేళ్లకు రంధ్రాలు లేని ఆ వాయిద్యంలో పెదవుల బిగువును బట్టి కొద్ది స్వరాలే పలుకుతాయి, నోటి దగ్గర చేయి దూర్చితే స్థాయి కాస్త దిగుతుంది. చివరి చరణానికి ముందు ఆ దిగిన స్వరాన్ని ఒక్కసారి మాత్రమే ఊదించి ఆపేశారు.

ఆ చివరి చరణానికి జవాబు లేదు. ఊరు ప్రశ్న అడిగి ఒక కెరటం వచ్చి పోయేదాకా మౌనంగా నిలుస్తుంది, ఎందుకంటే అక్కడ బదులు పలకవలసింది సముద్రమే. నా వివరణలో అన్నిటికంటే ముఖ్యమైన అంశం ఇదే. మొదటి పాటలో దాన్ని వయొలిన్లతో నింపేశారు, రెండో పాటలో ఖాళీగానే ఉంచారు, కానీ శబ్దాన్ని శుభ్రం చేసిన వ్యక్తి ఆ పది సెకన్లను బొత్తిగా తుడిచిపెట్టాడు. గొంతులు ఆగగానే గది గాలి కూడా ఆగిపోతుంది. ఊరు మౌనంగా ఉన్నట్టు కాక, ఫైలు పాడైపోయినట్టు అనిపిస్తుంది.

ఉత్తరప్రత్యుత్తరాల్లో మర్యాద తప్పలేదు, స్వరలిపినీ విడి ట్రాకులనూ అడగకుండానే ఇచ్చారు. ఆటలో వాడుకోవడానికి అనుమతి కూడా లిఖితపూర్వకంగా వచ్చింది. ఒప్పుకున్న గడువు మాత్రం వారం రోజులు దాటింది. ఇటువంటి పాట కావలసినవారు ఫారంలోని గడులను పక్కన పెట్టి, ఎవరు, ఎక్కడ నిలబడి, ఏం చేస్తూ పాడతారో ఒక పేజీ రాసి మొదటి రోజే పంపడం మంచిది.

ఒకసారి మార్చడం వరకే ఒప్పందంలో ఉందని చెప్పి ఆ నిశ్శబ్దాన్ని సరిదిద్దడానికి వారు ఒప్పుకోలేదు. వంతపాట విడి ట్రాకు చివర, పాట అయిపోయాక కూడా ఆపకుండా వదిలిన రికార్డింగు కొంత మిగిలి ఉండటం గమనించి, అందులోంచి పది సెకన్లు కత్తిరించి ఆ సందులో నేనే అతికించుకున్నాను. ఇప్పుడు అక్కడ ఎవరో బరువు ఒక కాలి మీది నుంచి ఇంకో కాలి మీదికి మార్చుకున్న చప్పుడు వినబడుతుంది.