రేకుడబ్బా గొంతుతో ఆరేళ్లు

మొదటిరోజు ఈ గొంతు విని పది నిమిషాలకే హెడ్‌ఫోన్లు తీసి పక్కన పడేశాను. రేకుడబ్బాలో తలపెట్టి ఎవరో చదువుతున్నట్టు అనిపించింది. ఇప్పుడు ఆరేళ్లయింది. చూపు బాగా తగ్గిన నాకు కంప్యూటర్ పనంతా దీనితోనే.

ఈ గొంతుతో చదివే సాఫ్ట్‌వేర్ పేరు ఎన్‌వీడీఏ. విండోస్‌లో నడిచే స్క్రీన్ రీడర్, అంటే తెర మీద ఉన్నదాన్ని చదివి వినిపించేది. పూర్తిగా ఉచితం. 2006లో ఆస్ట్రేలియాలో మైకేల్ కరన్ దీన్ని మొదలుపెట్టారు. ఆయనకూ చూపు లేదు. నేను చెప్పిన రేకుడబ్బా గొంతు ఈస్పీక్. అది ఇందులోనే ఉంటుంది, తెలుగూ చదువుతుంది.

అచ్చం మనిషిలా పలికే గొంతులూ వాడి చూశాను. కథలు వినడానికి హాయిగానే ఉన్నాయి. పనిలోకి దిగేసరికి మళ్లీ దీని దగ్గరికే వచ్చాను. నేను వాడిన ఆ గొంతుల్లో వేగం పెంచితే మాటలు అలుక్కుపోయేవి. ఈస్పీక్ రికార్డు చేసిన ముక్కలు అతికించదు, ధ్వనిని లెక్కకట్టి పుట్టిస్తుంది. అందుకే ఎంత పరిగెత్తించినా మాట మాట విడిగా తెలుస్తుంది. మీట నొక్కీ నొక్కగానే పలుకుతుంది కూడా. రోజుకు కొన్ని వందలసార్లు బాణం మీటలు నొక్కేవాళ్లకు ఆ అరసెకను ఎంత ముఖ్యమో! వేగం ఒక్కసారిగా కాకుండా కొన్ని నెలలపాటు కొంచెం కొంచెంగా పెంచుకున్నాను. ఇప్పుడు పక్కన కూర్చున్నవాళ్లకు ఒక్క ముక్క అర్థం కాదు. విసుగొస్తే కంట్రోల్ మీట నొక్కితే చాలు, నోరు మూస్తుంది. ఈ సౌకర్యం మనుషుల్లో లేదు.

వెబ్ పేజీలో హెచ్ నొక్కితే శీర్షిక నుంచి శీర్షికకు, కే నొక్కితే లింకు నుంచి లింకుకు దూకుతాను.

తెలుగు దగ్గర తిప్పలున్నాయి. యూనికోడ్ కాని పాత ఫాంట్లలో టైపు చేసిన ఫైలు తెరిస్తే అర్థంలేని ఇంగ్లిష్ అక్షరాలు గొణుగుతుంది. తెర మీద తెలుగే కనిపిస్తున్నా, లోపల ఉన్నవి ఇంగ్లిష్ అక్షరాల కోడ్‌లే మరి. నేను రాసింది విని దిద్దుకునేటప్పుడు, ఎగిరిపోయిన మాట వెంటనే దొరుకుతుంది. శ, ష తారుమారైతే మాత్రం ఆ వేగంలో చెవికి ఆనదు. అక్కడ ఒక్కో అక్షరం మీదా ఆగి వినాల్సిందే.

అసలు కోపం సాఫ్ట్‌వేర్ మీద కాదు, బటన్లకు పేరు పెట్టని సైట్ల మీద. "బటన్, బటన్" అనడం తప్ప ఇది మాత్రం ఏం చేస్తుంది? ఓసారి 'పంపు' అనుకుని నొక్కింది 'రద్దు' అయింది. నాలుగు పేజీల ఫారం మళ్లీ మొదటినుంచి నింపాను.