మంత్రలిపికి పాత రూన్లా, సొంత అక్షరాలా?

ఫాంటసీ నవల మొదలుపెట్టేవాళ్లకు వచ్చే టెన్షన్ ఇది. రూన్లంటే ఒకప్పుడు ఉత్తర యూరప్‌లో వాడిన అక్షరాలు.

ఖర్చు: రూన్లు యూనికోడ్‌లో ఉన్నాయి, ఉచిత ఫాంట్లు దొరుకుతాయి. సొంత లిపికి ఫాంట్ మనమే గీయాలి. ఫాంట్లు తయారుచేసే సాఫ్ట్‌వేర్ ఫాంట్‌ఫోర్జ్ ఉచితమే, సమయమే బోలెడు పడుతుంది.

శ్రమ: రూన్లలో అన్నిటికన్నా పాత వరుస ఎల్డర్ ఫుథార్క్‌లో ఉన్నవి 24 అక్షరాలే. సొంత లిపికైతే ఆ లోకంలో దేనితో, దేని మీద రాస్తారో ముందు తేల్చాలి. రూన్లు కర్ర మీద, రాయి మీద చెక్కినవి, అందుకే అన్నీ కోణాలు. తాటాకు మీద గంటంతో రాసే మాంత్రికుడికి గుండ్రటి అక్షరాలే నప్పుతాయి. నాకు అన్నిటికన్నా ఇష్టమైన పని ఇదే.

రిస్క్: కొన్ని రూన్లను నాజీలు తమ గుర్తులుగా వాడుకున్నారు. చూసుకోకుండా పెట్టొద్దు.

ఒక్క శాసనం కనిపించే చిన్న కథకు రూన్లు చాలు. ఒక్క గీత మారితే మంత్రం మారిపోయే కథకు మాత్రం సొంత లిపే.