శాండ్స్ ఆఫ్ టైమ్ మళ్లీ ఆడాను: బాకు చేతిలో ఉన్నంతసేపే ధైర్యం

ప్రిన్స్ ఆఫ్ పర్షియా: ద శాండ్స్ ఆఫ్ టైమ్ అనే వీడియో గేమ్ 2003లో వచ్చింది. నేను మొదటిసారి ఆడింది మా వీధి చివర నెట్ సెంటర్‌లో. గంట లెక్కన డబ్బు కట్టి కూర్చుంటే, సరిగ్గా గోడ మీద పరిగెత్తే చోటికి రాగానే "అన్నా, టైమ్ అయిపోయింది" అని కౌంటర్ దగ్గర కుర్రాడు అరిచేవాడు. మర్నాడు వెళ్లేసరికి నా సేవ్ మీద ఇంకెవడో తన సేవ్ చేసేసుకుని ఉండేవాడు, అలా సగం కూడా దాటలేదు. ఈ సంక్రాంతి సెలవుల్లో ల్యాప్‌టాప్‌లో వేసుకుని మొత్తానికి పూర్తి చేశాను.

కథ మొత్తం చెప్పేస్తున్నా, ఇరవై ఏళ్లు దాటిన ఆటకి స్పాయిలర్ ఏంటి. పర్షియా రాజు షారమాన్ సైన్యంతో వెళ్తూ దారిలో మన దేశంలోని ఒక మహారాజు కోట మీద పడతాడు. ఆ మహారాజు సొంత వజీరే ద్రోహం చేసి కోట పట్టిస్తాడు. షారమాన్ అబ్బాయి, అంటే మనం ఆడే యువరాజు, నాన్న మెచ్చుకోవాలని ఖజానాలోంచి ఒక బాకు కొట్టేస్తాడు. దాంతోపాటు దోచుకున్న పెద్ద ఇసుక గడియారాన్ని ఆజాద్ అనే రాజ్యపు సుల్తానుకి కానుకగా తీసుకెళ్తారు. అక్కడ వజీరు ఎగదోస్తే, ఏమవుతుందో తెలియకుండానే యువరాజు ఆ బాకుని గడియారంలో గుచ్చేస్తాడు, ఇసుక బయటికొచ్చి కోటలో ఉన్నవాళ్లందరినీ రాక్షసులుగా మార్చేస్తుంది. మిగిలేది ముగ్గురే: బాకు ఉన్న యువరాజు, చేతికర్ర ఉన్న వజీరు, మెడలో పతకం ఉన్న మహారాజు కూతురు ఫరా. నాకు ఇక్కడే నచ్చేసింది. మంత్రం ఎవడో మాంత్రికుడు వేసింది కాదు, తప్పు మన చేత్తోనే జరిగింది, మిగతా ఆటంతా చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే.

ఆ బాకులో ఇసుక ఉంటే కాలాన్ని ఓ పది సెకన్ల దాకా వెనక్కి తిప్పొచ్చు. దూకడం తప్పి లోయలో పడ్డామా, బటన్ నొక్కి పట్టుకుంటే క్యాసెట్ వెనక్కి తిరిగినట్టు మనిషి గాల్లో పైకి లేచి మళ్లీ అంచు మీద నిలబడతాడు. కాలాన్ని నెమ్మది చేయొచ్చు కూడా. కానీ ఇసుక ఊరికే రాదు. శత్రువుని కత్తితో పడగొట్టాక బాకు గుచ్చి అతనిలోని ఇసుక లాగేయాలి, ఆలస్యం చేస్తే మళ్లీ లేచి వస్తాడు. అంటే వెనక్కి తిప్పే ప్రతి తప్పుకీ ముందే ఒకడి ఇసుక ఖర్చయిపోయి ఉంటుంది. ఆ ఒకళ్లలో కన్నతండ్రి కూడా ఉంటాడు. షారమాన్ ఇసుక రాక్షసుడై మీదికొచ్చే గదిలో నేను గెలిచాక కాసేపు కంట్రోలర్ పక్కన పెట్టేశాను.

ఇసుక అయిపోయి చచ్చిపోతే యువరాజు గొంతు వినిపిస్తుంది, అబ్బే, జరిగింది ఇది కాదు అన్నట్టు. ఆట మొత్తం అతను ఎవరికో చెబుతున్న కథ మరి. ఎవరికి చెబుతున్నాడో చివర్లో తెలుస్తుంది.

బాలేనిది ఫైటింగ్. గోడలెక్కడం, స్తంభాల మీంచి స్తంభాలకి దూకడం ఎంత హాయిగా ఉంటాయో, కొట్లాటలు అంత విసుగు. వచ్చినవాళ్లే వస్తారు, ఒకడు పోతే ఇద్దరు పుడతారు, మధ్యలో కెమెరా గోడ వెనక్కి దూరుతుంది, సాయం చేస్తున్నాననుకుని ఫరా వేసే బాణం ఒక్కోసారి మనకే తగులుతుంది. పైగా ఆవిడ చచ్చిపోతే ఆట పోయినట్టే. పైకెళ్లే లిఫ్ట్ లాంటి దాంట్లో ఒక ఫైట్ ఉంది, దాన్ని ఎన్నిసార్లు ఆడానో చెబితే పరువు పోతుంది.

చివరికొచ్చేసరికి ఫరా ఆ బాకుని తీసుకుని వెళ్లిపోతుంది. అప్పటిదాకా పడితే పడ్డాంలే అని దూకిన నేను, ఆ గోపురం ఎక్కుతున్నప్పుడు ఒక్కో అంచు దగ్గర ఆగి కిందికి చూసుకున్నాను. అవే దూకుళ్లు, అవే స్తంభాలు, కానీ టెన్షన్ వేరు. ఈ ఒక్క భాగం కోసమైనా ఆడొచ్చు.

ఫరా చనిపోయాక యువరాజు బాకుని మళ్లీ గడియారంలో గుచ్చితే కాలం దాడికి ముందు రాత్రికి వెళ్లిపోతుంది. అందరూ బతికే ఉంటారు, ఫరా కూడా. కానీ ఆమెకి ఇతనెవరో తెలియదు, కలిసి నడిచింది ఏదీ జరగలేదు. మనం విన్నదంతా ఆ రాత్రి ఆమె గదిలో కూర్చుని చెప్పిన కథే. ఆమె నమ్మదు. పేరేంటని అడిగితే యువరాజు చెప్పేది ఒక్క మాట: కాకోలూకీయం. చిన్నప్పుడు వాళ్లమ్మ తనకి మాత్రమే చెప్పిన రహస్యమని ఫరా చీకట్లో ఇతనికి చెప్పిన మాట అది, ఎప్పుడూ జరగని ఒక రోజున.

నెట్ సెంటర్ రోజుల్లో ఇక్కడిదాకా వచ్చి ఉంటే ఏదో పర్షియన్ మంత్రం అనుకునేవాణ్ని. ఇది మన పంచతంత్రంలో మూడో తంత్రం పేరు, కాకులకీ గుడ్లగూబలకీ పగ. దెబ్బలు తిన్నట్టు నటిస్తూ ముసలి కాకి మంత్రి శత్రువుల గూట్లో చేరతాడు, చివరికి గుడ్లగూబల కోట కాలిపోతుంది. వజీరు ఉన్న కథలో ఆ పేరు ఊరికే పడిందని నేననుకోను.