గట్టు తగాదాకు రిట్ మేలా, దావా మేలా?

కల్యాణదుర్గం వైపు నుంచి మొన్న ఒక పెద్దాయన వచ్చారు. అయిదెకరాల వేరుశనగ చేను. పక్క రైతు గట్టు జరిపాడన్నది ఒక గోడు. భూమి ఎవరి పేరున ఉందో చూపే రెవెన్యూ రికార్డు వన్‌బీలో తన పేరు తీసేసి ఆ పక్క రైతు పేరు ఎక్కించారన్నది రెండోది. "సివిల్ కోర్టంటే నా మనవడి కాలానికి తేలుతుంది సార్. అమరావతిలో రిట్ వేయండి, ఒక్క దెబ్బకు అయిపోతుంది" అన్నారు. అనంతపురంలో వకీలు బల్ల ముందు తరచుగా వినబడే మాటే ఇది. రిట్ అంటే అధికారుల చర్య మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషను, దావా అంటే సివిల్ కోర్టులో సాక్ష్యాలతో నడిచే కేసు.

పేరు తీసేసిన సంగతికి రిట్ బాగానే పనికొస్తుంది. నోటీసు ఇచ్చారా, చెప్పుకోనిచ్చారా, ఆ అధికారికి అసలు ఆ అధికారం ఉందా? రెవెన్యూ ఫైలు తెప్పిస్తే ఇవన్నీ తేలిపోతాయి, సాక్షితో పని లేదు. 1971 నాటి పాసుపుస్తకాల చట్టం కింద ఆర్డీవోకు అప్పీలు ఉంది కదా అని హైకోర్టు అడగవచ్చు. కానీ సహజ న్యాయాన్ని, అంటే నోటీసిచ్చి చెప్పుకోనిచ్చే పద్ధతిని, కాలరాసినచోట అప్పీలు ఉన్నంత మాత్రాన రిట్‌కు తలుపు మూసుకోదని 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

గట్టు సంగతి అలా కాదు. ముప్పై ఏళ్లుగా సాగు చేస్తున్నానని ఈయన ప్రమాణపత్రం దాఖలు చేస్తారు. ఈయన ఏనాడూ ఆ మూలకు రాలేదని అవతలివాళ్లు కౌంటరు వేస్తారు. రెండూ ప్రమాణం చేసి ఇచ్చినవే. బోనెక్కించి అడ్డుప్రశ్నలు వేయకుండా అబద్ధమెవరిదో న్యాయమూర్తి ఎలా పట్టుకుంటారు? హైకోర్టుకు ఆ అధికారం లేదనడం మాత్రం తప్పు. వాస్తవాల వివాదం ఉందన్న ఒక్క కారణంతో రిట్‌ను తోసిపుచ్చకూడదని 1969లోనే గున్వంత్ కౌర్ కేసులో సుప్రీంకోర్టు అన్నది. అయితే ఉన్న అధికారం వేరు, వాడే అలవాటు వేరు. ఆస్తి హక్కు ఎవరిదన్న చిక్కుముడిని రిట్‌లో విప్పలేమని 1957 నాటి సోహన్‌లాల్ తీర్పు. నేటికీ భూమి కేసుల్లో ఎక్కువగా నడిచేది ఆ దారే.

నాకు ఒళ్లు మండేది ఇంకొకటి ఉంది. చాలా రిట్లు "వినతిపత్రాన్ని చట్టప్రకారం పరిశీలించండి" అన్న ఉత్తర్వుతో ముగుస్తాయి. దాన్ని గెలుపనుకుని ఊళ్లో మిఠాయిలు పంచినవాళ్లను చూశాను. తహసీల్దారు పరిశీలిస్తారు, కుదరదంటారు. అది కూడా పరిశీలనే!

దావా నిదానమే, కాదనను. కానీ అక్కడ న్యాయస్థానానికి కళ్లు ఉంటాయి. కోర్టు నియమించిన వకీలు, అంటే అడ్వొకేట్ కమిషనర్, సర్వేయరును వెంటబెట్టుకుని చేనికి వస్తాడు, పొలం కొలతలు చూపే ఎఫ్‌ఎంబీ పటం పెట్టి కొలిపిస్తాడు. కొలతల్లో తేడా వస్తే అది రికార్డుకెక్కుతుంది. తీర్పు వచ్చేదాకా అవతలివాడిని ఆపడానికి తాత్కాలిక ఇంజంక్షన్ అడగవచ్చు. అసలు స్వాధీనమే పోయి ఉంటే, ఆరు నెలల్లోపు నిర్దిష్ట ఉపశమన చట్టం 6వ సెక్షను కింద దావా వేయవచ్చు. అందులో హక్కు నిరూపించుకోవలసిన పని కూడా లేదు. ఆ ఆరు నెలలనూ రిట్ వాయిదాల్లో పోగొట్టుకుని, తర్వాత కాలపరిమితి మినహాయింపు కోసం బతిమాలుకునే దుస్థితి ఎందుకు?

అందుకే పెద్దాయనకు రెండు దారులు చెప్పాను. నోటీసు లేకుండా పేరు తీసేశారన్న ఒక్క మాట మీద రిట్, గట్టుకు దావా. రిట్‌లో గట్టు ఊసు ఎత్తకూడదన్నాను. ఎత్తితే ప్రభుత్వ ప్లీడరు "వాస్తవాల వివాదం" అని లేచి నిలబడతారు.

"రెండు ఫీజులా సార్?" అన్నారాయన. తర్వాత సంచిలోంచి వన్‌బీ నకలు, పాత పాసుపుస్తకం, నాలుగు వినతిపత్రాల రసీదులు తీసి బల్ల మీద పరిచారు. గట్టు కొలిచిన కాగితం మాత్రం వాటిలో ఒక్కటీ లేదు.