దామెర్ల ఆర్ట్ గ్యాలరీలో ఒక పూట

తమ్ముడి మరణ ధ్రువపత్రం పని మీద కొవ్వూరు నుంచి రాజమండ్రి వెళ్లాను. ఆఫీసులో మధ్యాహ్నం రమ్మన్నారు. ఎండకు తాళలేక దామెర్ల రామారావు ఆర్ట్ గ్యాలరీలోకి వెళ్లాను. బొమ్మల మీద ఇష్టంతో మాత్రం కాదు.

ఆయన 1897లో ఈ ఊళ్లోనే పుట్టి, బొంబాయి జె.జె. స్కూలులో చిత్రకళ చదివి, 1925లో మశూచితో పోయారు. 28 ఏళ్లు నిండలేదు. సోదరి బుచ్చికృష్ణమ్మ కూడా చిత్రకారిణేనట. తమ్ముణ్ణి పోగొట్టుకున్న నాకు ఆ మాట దగ్గర కాళ్లు ఆగిపోయాయి.

గోష్పాద రేవులో వాడి అస్థికలు కలిపిన నాటి నుంచి నేను గోదావరిని చూడలేదు. వంతెన మీద బస్సులోనూ కళ్లు మూసుకునేదాన్ని. ఇక్కడ తూర్పు కనుమల నడుమ ఆయన గీసిన గోదావరి కదలకుండా ఉంది. ఎంతసేపు చూసినా ఎవరినీ ఎటూ తీసుకుపోదు. చాలాసేపు నిలబడ్డాను, మోకాళ్లు లాగేదాకా. 'ఎలా ఉన్నారమ్మా' అని ఎవరూ పలకరించలేదు. పరామర్శలతో విసిగినవారికి అదే పెద్ద సదుపాయం.

'పుష్పాలంకరణ', 'సిద్ధార్థ రాగోదయం' పైపైన చూశాను. వాటి కోసం మళ్లీ వెళ్లాలి.

తిరుగు బస్సులో కిటికీ పక్క సీటు అడిగాను. దొరకలేదు.