ఆటల నోటిఫికేషన్లను పుట్టినచోటే ఆపడం: చాన్నాళ్ల వాడకం తర్వాత ఒక సమీక్ష

సోషల్ మీడియా ఆటల నుంచి వచ్చే నోటిఫికేషన్లను ఆపడానికి ఫోన్‌లో ఒక్క మీట అంటూ లేదు. ఫోన్ సెట్టింగ్స్‌లో ఒక ఏర్పాటు, సోషల్ మీడియా ఖాతా లోపల మరొకటి, ఆట లోపల ఇంకొకటి ఉన్నాయి. అవి ఆండ్రాయిడ్‌లో ఒక రకంగా, ఐఫోన్‌లో మరో రకంగా ఉంటాయి. వీటన్నిటినీ కొన్నేళ్లుగా వాడుతూ వచ్చాను. కొన్నింటిని ఒకసారి పెట్టి మరిచిపోగలిగాను, కొన్నింటిని పదే పదే సరిచూసుకోవలసి వచ్చింది. నాకు తేలినదేమిటంటే, నోటిఫికేషన్ ఎక్కడ పుడుతోందో గుర్తించి అక్కడ ఆపినప్పుడే అది ఆగుతుంది. వచ్చినదాన్ని వచ్చినట్టు తెరమీద నుంచి పక్కకు నెట్టేయడం కుళాయి కట్టకుండా నేల తుడిచినట్టే.

తెరమీద ఒకేలా కనిపించినా ఇవి మూడు చోట్ల పుడతాయి. మొదటిది సోషల్ మీడియా ఖాతా. స్నేహితులెవరో ఆటలో ముందుకు వెళ్లలేక సాయం అడిగే బటన్ నొక్కితే, ఆ ఆట వారి పేరుమీద మనకు రిక్వెస్టు పంపుతుంది. అది ముందు మన ఖాతాకు చేరి, అక్కడి నుంచి ఫోన్‌కు వస్తుంది. (పంపినవారికి తాము ఎంతమందికి పంపామో కూడా చాలాసార్లు తెలియదు, కాబట్టి వారి మీద కోపగించుకోవడంలో అర్థం లేదు.) రెండోది ఆటను తయారుచేసిన సంస్థ సర్వరు. ఆ ఆట మన ఫోన్‌లో ఇన్‌స్టాల్ అయి ఉంటే, 'ఈరోజు బహుమతి సిద్ధంగా ఉంది' వంటి సందేశాలను ఆండ్రాయిడ్‌కు సాధారణంగా గూగుల్ సేవ అయిన ఫైర్‌బేస్ క్లౌడ్ మెసేజింగ్ ద్వారా, ఐఫోన్‌కు యాపిల్ పుష్ నోటిఫికేషన్ సర్వీసు ద్వారా పంపుతారు. మూడో చోటు చాలామంది ఊహించనిది: మన ఫోనే. క్యాండీ క్రష్ సాగా ఆటలో ఐదు లైఫులు (ఆడే అవకాశాలు) అయిపోతే 30 నిమిషాలకు ఒకటి చొప్పున తిరిగి వస్తాయి, అంటే అన్నీ నిండడానికి రెండున్నర గంటలు పడుతుంది. ఇలాంటి లెక్క ఉన్న ఏ ఆటైనా, మనం దాన్ని మూసేటప్పుడే ఫలానా సమయానికి గుర్తుచేయమని ఫోన్‌కు అప్పగించి పోగలదు. అలా పెట్టిన నోటిఫికేషన్‌కు ఇంటర్నెట్‌తో పనిలేదు. ఆటకు మొబైల్ డేటా అందకుండా చేస్తే చాలన్న సలహా సగమే పనిచేయడానికి కారణం ఇది.

ఈ బెడద కొత్తదేమీ కాదు. 2009లో ఫేస్‌బుక్‌లో ఫామ్‌విల్ వంటి ఆటలు జోరందుకున్నాక, 2010లోనే ఫేస్‌బుక్ ఆటలు పంపే నోటిఫికేషన్లను మామూలు నోటిఫికేషన్ల వరస నుంచి తప్పించింది. అయినా రిక్వెస్టులు మరో రూపంలో సాగుతూనే వచ్చాయి. 2015 అక్టోబరులో ఢిల్లీ ఐఐటీలో ఫేస్‌బుక్ అధినేత మార్క్ జుకర్‌బర్గ్ ప్రశ్నోత్తరాల సభ జరిపినప్పుడు, ముందుగా అందిన ప్రశ్నల్లో ఎక్కువ ఓట్లు పడినది క్యాండీ క్రష్ ఆహ్వానాలను ఎలా ఆపాలన్న ప్రశ్నకే. సభ జరిగేలోగా దీనికి ఒక పరిష్కారం చూడాలని సంబంధిత బృందానికి కబురు పంపానని ఆయన అక్కడ చెప్పారు. ఇప్పుడు ఖాతా సెట్టింగ్స్‌లో ఆటలకు విడిగా మీటలు ఉన్నాయి, కానీ వాటిని వెతికి పట్టుకోవలసిన పని మనదే.

ఆండ్రాయిడ్‌లో నాకు అన్నిటికంటే ఎక్కువగా అక్కరకొచ్చింది నోటిఫికేషన్ ఛానెళ్ల ఏర్పాటు. 2017లో వచ్చిన ఆండ్రాయిడ్ 8.0తో ఇది మొదలైంది. సెట్టింగ్స్‌లో వీటినే నోటిఫికేషన్ కేటగిరీలు అంటారు. ప్రతి యాప్ తాను పంపే నోటిఫికేషన్లను రకాలుగా విడదీసి ఫోన్‌కు చెప్పాలి. వాటిలో ఏది మోగాలి, ఏది చప్పుడు చేయకుండా రావాలి, ఏది అసలు రాకూడదు అన్నది మన చేతిలో ఉంటుంది. దీని అసలు బలం ఏమిటంటే, మనం ఒకసారి ఆపిన ఛానెల్‌ను తిరిగి తెరిచే అధికారం యాప్‌కు లేదు. యాప్ లోపలి సెట్టింగులకు ఆ భరోసా ఉండదు. వాటి పేర్లూ చోట్లూ కొత్త వెర్షన్‌తో మారిపోవచ్చు, కొత్తగా చేర్చిన రకం ముందే ఆన్ అయి ఉండవచ్చు. అందుకే ఒకే పనికి రెండు చోట్లా మీటలు ఉన్నప్పుడు నేను ఫోన్‌లో ఉన్నదానికే ఓటు వేస్తాను.

దీన్ని వాడే తీరులో ఒక కిటుకు ఉంది. సెట్టింగ్స్ తెరిచి, యాప్‌ల జాబితాలో వెతికి, అక్కడి పొడవాటి కేటగిరీల వరసలో ఆటలకు సంబంధించినది ఏదో ఊహించడం కంటే, అక్కర్లేని నోటిఫికేషన్ వచ్చినప్పుడు దాన్ని తుడిచేయకుండా దానిమీద వేలితో నొక్కి పట్టుకోవడం మేలు. అది ఏ కేటగిరీ కింద వచ్చిందో అక్కడే కనిపిస్తుంది, అక్కడి నుంచే ఆ ఒక్క కేటగిరీని ఆపేయవచ్చు. చేతి అలవాటుకొద్దీ తుడిచేసినా, ఆండ్రాయిడ్ 11 నుంచి ఉన్న నోటిఫికేషన్ హిస్టరీలో దాన్ని మళ్లీ చూసుకోవచ్చు. అయితే ఆ హిస్టరీని ముందుగా మనమే ఆన్ చేసి ఉంచాలి. శాంసంగ్ ఫోన్లు వాడేవారు మరొకటి గమనించాలి: వాటి సాఫ్ట్‌వేర్ అయిన వన్ యూఐ కొత్త వెర్షన్లలో ఈ కేటగిరీలు మొదట కనిపించవు. నోటిఫికేషన్ల సెట్టింగ్స్‌లో అడ్వాన్స్‌డ్ సెట్టింగ్స్‌లోకి వెళ్లి, ప్రతి యాప్‌కూ కేటగిరీలను నిర్వహించుకునే మీటను ఆన్ చేస్తేనే అవి బయటపడతాయి.

ఛానెళ్ల ఏర్పాటులో లోపాలు లేకపోలేదు. నోటిఫికేషన్లను ఎన్ని రకాలుగా విడదీయాలి, వాటికి ఏ పేర్లు పెట్టాలి అన్నది ఆండ్రాయిడ్ యాప్ తయారీదారుకే వదిలేసింది. నేను వాడిన ఒక ఆటలో అన్ని నోటిఫికేషన్లూ 'మిసలేనియస్' అనే ఒకే కేటగిరీ కింద వచ్చేవి. తయారీదారు ఛానెల్ పేరు చెప్పకుండా వదిలేస్తే ఫైర్‌బేస్ తనంతట తాను పెట్టే పేరు అది. అటువంటప్పుడు ఆటలో మన వంతు వచ్చిందని చెప్పే సందేశం కావాలనుకున్నా, దానితోపాటు డిస్కౌంట్ల ప్రకటనలనూ భరించాలి, లేదా రెండింటినీ వదులుకోవాలి. ఇంకొక లొసుగు ఉంది. మూసిన ఛానెల్‌ను యాప్ తెరవలేదు గానీ, కొత్త పేరుతో కొత్త ఛానెల్ పెట్టుకోకుండా దాన్ని ఆపేవారు లేరు. యాప్ పాత కేటగిరీలను తొలగించినప్పుడు ఎన్ని తొలగించిందో ఆండ్రాయిడ్ ఆ సెట్టింగ్స్ పేజీ అడుగున చూపిస్తుంది. ఆ అంకె పెరుగుతూ పోతున్న ఆటకు కేటగిరీల స్థాయిలో మర్యాద చూపడం మానేసి, మొత్తం నోటిఫికేషన్లను ఆపేయడమే నా పద్ధతి.

2022లో వచ్చిన ఆండ్రాయిడ్ 13 ఈ పనిని చాలా తేలిక చేసింది. అప్పటిదాకా యాప్ ఇన్‌స్టాల్ చేయడమే నోటిఫికేషన్లకు ఒప్పుకున్నట్టు లెక్క. ఆ వెర్షన్ నుంచి కొత్త యాప్ మన అనుమతి అడగాలి. రెండుసార్లు వద్దంటే ఆ తర్వాత ఆ ప్రశ్న తెరమీదకు రాదు. అయితే ఆ ప్రశ్నకు జవాబివ్వకుండా వెనక్కి వచ్చేస్తే అది తిరస్కారంగా లెక్కలోకి రాదు, మళ్లీ అడుగుతుంది. కాబట్టి వద్దన్న బటన్‌ను స్పష్టంగా నొక్కడం మంచిది. కొత్తగా ఏ ఆట దించుకున్నా నేను ముందు వద్దనే అంటాను, కావాలనిపిస్తే తర్వాత తెరుచుకుంటాను.

ఫోన్‌లో ఎంత పకడ్బందీగా పెట్టుకున్నా, ఖాతాకు వచ్చే రిక్వెస్టును అది ఆపదు. తెరమీద చప్పుడు ఉండదు గానీ, యాప్ తెరిస్తే గంట గుర్తు మీద ఎర్రని అంకె అలాగే ఉంటుంది. దానికి ఖాతా సెట్టింగ్స్‌లోకే వెళ్లాలి. ఫేస్‌బుక్‌లో యాప్స్ అండ్ వెబ్‌సైట్స్ అనే విభాగంలో ఆటలు, యాప్‌లు పంపే నోటిఫికేషన్లకు ప్రత్యేకంగా ఒక మీట ఉంది. దాన్ని ఆపితే స్నేహితుల రిక్వెస్టులూ, ఆటల తయారీదారులు పంపేవీ ఆగుతాయి. ఆటలు ఆడుకోవడానికి మాత్రం ఆటంకం ఉండదు. ఇక్కడ జాగ్రత్త పడవలసినది దాని దగ్గరలోనే ఉన్న మరో మీటతో. అది యాప్‌లు, వెబ్‌సైట్లు, ఆటలు అన్నిటికీ ఫేస్‌బుక్‌తో ఉన్న సంబంధాన్నే తెంచేస్తుంది. ఫేస్‌బుక్ ఖాతాతో లాగిన్ అయ్యే ఇతర యాప్‌లు ఏవైనా ఉంటే వాటిలోకి ఆ దారిన వెళ్లడం కుదరదు, ఆటలో దాచుకున్న లెవెళ్లూ ఆ లాగిన్‌తోనే ముడిపడి ఉంటే అవీ చేజారవచ్చు. ఆటల బెడద ఒక్కటే అయితే ఆ పెద్ద మీట జోలికి పోనక్కరలేదు.

బ్లాకింగ్ విభాగం మరింత సున్నితమైన సాధనం. ఒక వ్యక్తిని స్నేహితుల జాబితా నుంచి తీసేయకుండా, వారికి తెలియకుండా, వారి నుంచి వచ్చే యాప్ ఆహ్వానాలను మాత్రమే అడ్డుకోవచ్చు. లేదా ఒక ఆటనే అడ్డుకోవచ్చు. పెద్దవారో దగ్గరి బంధువులో రోజూ రిక్వెస్టులు పంపుతున్నప్పుడు, 'దయచేసి పంపకండి' అని చెప్పే ఇబ్బంది నుంచి తప్పించేది ఇదే. మెనూల పేర్లూ చోట్లూ వెర్షన్‌ను బట్టి మారుతుంటాయి కాబట్టి, సెట్టింగ్స్ పైనున్న వెతుకు పెట్టెలో విభాగం పేరు టైప్ చేసి వెళ్లడం నేను అలవాటు చేసుకున్నాను.

ఐఫోన్ సంగతికి వస్తే, అనుమతి అడిగే విధానం అందులో చాలాకాలంగా ఉంది. వ్యవస్థ చూపే ఆ ప్రశ్న ఒక్కసారే వస్తుంది. వద్దంటే యాప్ మళ్లీ అడగలేదు. అందుకే కొన్ని ఆటలు తమ సొంత తెరమీద నాణేలు ఇస్తామని ఆశపెట్టి, సెట్టింగ్స్‌లోకి వెళ్లి నోటిఫికేషన్లు ఆన్ చేయమని బతిమాలతాయి. ప్రకటనల కోసం పుష్ నోటిఫికేషన్లు పంపాలంటే వాడేవారు యాప్‌లో స్పష్టంగా ఒప్పుకొని ఉండాలనీ, వద్దనుకునే దారి కూడా యాప్‌లోనే ఉండాలనీ యాపిల్ నియమావళి చెబుతోంది. కనుక ఐఫోన్‌లో ఆట సెట్టింగ్స్ తెరిచి చూడటం వృథా పోదు. కానీ ఆండ్రాయిడ్ ఛానెళ్ల వంటి విభజన ఐఫోన్ సెట్టింగ్స్‌లో లేదు. అక్కడ యాప్ మొత్తం ఒకటే లెక్క. లాక్ స్క్రీన్ మీద వద్దు, శబ్దం వద్దు, యాప్ గుర్తు మీద అంకె (బ్యాడ్జి) వద్దు అని విడివిడిగా చెప్పవచ్చు గానీ, స్నేహితుల సందేశం కావాలి, ఆట రిక్వెస్టు వద్దు అని ఫోన్‌కు చెప్పలేం. అది సోషల్ మీడియా యాప్ లోపలే జరగాలి. ఈ ఒక్క విషయంలో ఆండ్రాయిడ్‌దే పైచేయి అని నా అభిప్రాయం.

2021లో ఐఫోన్ సాఫ్ట్‌వేర్ ఐఓఎస్ 15తో వచ్చిన షెడ్యూల్డ్ సమ్మరీని కొంతకాలం వాడాను. ఎంచుకున్న యాప్‌ల నోటిఫికేషన్లను పోగుచేసి, మనం చెప్పిన వేళకు ఒక్కసారి చూపిస్తుంది. వార్తల యాప్‌లకు అది చక్కగా సరిపోయింది. ఆటలకు మాత్రం దానివల్ల ఒరిగిందేమీ లేదు. అక్కర్లేనిది ఆలస్యంగా వచ్చినా అక్కర్లేనిదే. డూ నాట్ డిస్టర్బ్, ఫోకస్ కూడా అంతే. అవి నిద్ర వేళకో పని వేళకో ఉద్దేశించినవి, సమయం ముగిసిన వెంటనే ఆగినవన్నీ వరసగా కనిపిస్తాయి.

ఇవన్నీ సరిచేశాక కూడా ఆటల నోటిఫికేషన్లు వస్తుంటే చూడవలసిన చోట్లు మరికొన్ని ఉన్నాయి. క్రోమ్‌లో ఎప్పుడో సోషల్ మీడియా వెబ్‌సైట్‌కు అనుమతి ఇచ్చి ఉంటే, యాప్‌ను తీసేసినా బ్రౌజర్ పేరుమీద నోటిఫికేషన్లు వస్తూనే ఉంటాయి. బ్రౌజర్ సైట్ సెట్టింగ్స్‌లో ఆ అనుమతిని రద్దు చేయాలి. టెలిగ్రామ్‌లో ఆటలు బాట్‌ల (తమంతట తామే సందేశాలు పంపే ఖాతాల) ద్వారా నడుస్తాయి కనుక, ఆ బాట్‌ను మ్యూట్ చేయడం కంటే ఆపి బ్లాక్ చేయడం మేలు. బ్లాక్ చేసిన బాట్ మనకు సందేశం పంపలేదు. ఈమెయిల్‌కు వచ్చే ఆహ్వానాలకు మళ్లీ ఖాతా సెట్టింగ్సే శరణ్యం.

విసుగెత్తి సోషల్ మీడియా యాప్ నోటిఫికేషన్లను పూర్తిగా ఆపేయమని సలహా ఇచ్చేవారితో నేను ఏకీభవించను. కొత్త పరికరం నుంచి ఎవరైనా మన ఖాతాలోకి ప్రవేశించినప్పుడు వచ్చే హెచ్చరిక కూడా ఆ దారిలోనే వస్తుంది. ఫోన్‌లో ఇన్‌స్టాల్ చేసిన ఆట యాప్‌కు అటువంటి అవసరమేదీ లేదు కాబట్టి దాన్ని నిరభ్యంతరంగా మొత్తం ఆపేయవచ్చు. సోషల్ మీడియా యాప్‌లో మాత్రం ఓపికగా కేటగిరీలు విడదీసుకోవాలి.

ఫోన్ మార్చేటప్పుడు ఖాతాలోని ఏర్పాట్లకూ ఫోన్‌లోని ఏర్పాట్లకూ మధ్య తేడా బాగా తెలుస్తుంది. ఖాతాలో చేసిన మార్పులూ, బ్లాక్ చేసిన ఆటలూ, అడ్డుకున్న ఆహ్వానాలూ సర్వరులో ఉంటాయి కాబట్టి కొత్త ఫోన్‌లో లాగిన్ అయినా అలాగే ఉంటాయి. ఫోన్‌లో మూసిన ఛానెళ్ల విషయంలో ఆ నమ్మకం పెట్టుకోకూడదు. యాప్‌ను తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేసినా, దాని డేటా తుడిచినా అవి మొదటి స్థితికి వస్తాయి. నేనైతే కొత్త ఫోన్‌లో ముందు ఆటల అనుమతులకు వద్దని చెప్పి, సోషల్ మీడియా యాప్ నుంచి వచ్చే మొదటి కొద్ది నోటిఫికేషన్లను వచ్చినప్పుడల్లా నొక్కి పట్టుకొని కేటగిరీలను మూసుకుంటూ పోతాను.