రిమ్ము ముందా, చెక్క బిళ్ల ముందా?

నల్లగొండ పక్కన పానగల్లు ఉదయ సముద్రం కట్ట వాలున పుల్లలు తీసేసిన సైకిల్ రిమ్మునూ, నిండు చెక్క బిళ్లనూ ఒకేసారి వదిలితే ఏది ముందు దిగుతుంది? బరువును బట్టి అంటారు చాలామంది. బరువుకు ఇక్కడ పనే లేదు, చక్రం అడ్డకొలతకీ లేదు.

దిగేటప్పుడు దక్కిన గతిజ శక్తి, అంటే కదలిక శక్తి, రెండు పద్దుల్లోకి పోతుంది: ముందుకు సాగడం, తిరగడం. రిమ్ము ద్రవ్యరాశి అంతా అంచునే ఉంటుంది, జడత్వ భ్రామకం (తిప్పబోతే మొరాయించే గుణం) ఎక్కువ, కాబట్టి పంపకం సగం సగం. బిళ్లలో తిరుగుడుకు మూడో వంతే; మిగతాదంతా ముందుకే. జారకుండా దొర్లితే మీటరు ఎత్తు దిగేసరికి రిమ్ము వేగం సెకనుకు సుమారు 3.1 మీటర్లు, బిళ్లది 3.6. పందెం బిళ్లదే.

శక్తిని తిరుగుడులో దాచుకోవాలంటే మాత్రం నా ఓటు రిమ్ముకే. పొలాల్లోని పాత డీజిల్ ఇంజన్ల ఫ్లైవీలుకు (తిరుగుడును నిలిపి ఉంచే చక్రానికి) అంచు బరువుగా ఉండేది అందుకే.

అసలు తమాషా ఎదురు గట్టు ఎక్కేటప్పుడు. నేల పట్టు ఇస్తే, నష్టాలు లేకుంటే, రెండూ దిగినంత ఎత్తూ ఎక్కుతాయి. పట్టే లేని నున్నటి గట్టయితే తిరుగుడు తిరుగుడుగానే మిగిలిపోతుంది: రిమ్ము సగం ఎత్తులో, బిళ్ల మూడింట రెండు వంతుల ఎత్తులో ఆగి వెనక్కి జారతాయి.